ఇచ్చే స్వేచ్ఛ, తెచ్చుకునే స్వేచ్ఛ

ఈ మధ్య మన సంఘం జిల్లా శాఖ రెండు రోజులపాటు కథా కార్యశాల నిర్వహించింది. యువ రచయితలు రాసి తెచ్చిన కథలు పదకొండు. వాటిలో ఏడు కథలకు వస్తువు ఒకటే. భర్త చెప్పుచేతల్లో బతుకుతున్న స్త్రీ ఒకనాడు మేలుకుంటుంది. ఏడింటికీ ముగింపు కూడా ఒకటే. ఆమె బట్టలు సర్దుకుని గడప దాటుతుంది. అక్కడితో కథ అయిపోతుంది.

చర్చలో ఎం.ఏ. చదువుతున్న ఒక అమ్మాయి లేచి, "ఇన్ని కథల్లో ఇంతమంది వెళ్ళిపోయారు. మా వీధిలో మాత్రం ఎవరూ వెళ్ళలేదు. వెళ్ళని వాళ్ళకి కథ లేదా మేడమ్?" అని అడిగింది. అప్పటికి ఏదో జవాబు చెప్పాను గాని, అది నాకే తృప్తినివ్వలేదు. ఈ వ్యాసం ఆ అమ్మాయికి కాస్త ఆలస్యంగా చెబుతున్న జవాబు.

నేను పరిశీలించదలుచుకున్నవి మూడు విషయాలు. లొంగుబాటు అంటే ఏమిటి? అది ఎలా నిలబడుతుంది? మనిషి దాన్నుంచి బయటపడే క్రమాన్ని మన సాహిత్యం ఎంతవరకు పట్టుకుంది? వీటి గురించి రాస్తూ నా సంగతి దాచుకోవడం నిజాయితీ కాదు గనుక, మధ్యలో మా ఇంటి మాట కూడా వస్తుంది.

లొంగుబాటు స్వభావం కాదు

ముందుగా ఒక అపోహ తొలగించుకోవాలి. లొంగి ఉండటం కొందరి స్వభావమని మనం తేలిగ్గా అనేస్తాం. "ఆమె నోట్లో నాలుక లేని మనిషి", "వాడు పుట్టుకతోనే మెతక" అంటాం. కథలు రాసేటప్పుడు కూడా పాత్రకు అలాంటి స్వభావం అంటగట్టి ఊరుకుంటాం. అయితే స్వభావమే అయితే మారడం ఎలా సాధ్యం? ఒకనాటి రాత్రి హఠాత్తుగా మేలుకోవడం ఎలా సాధ్యం? అందుకే అలాంటి కథల్లో మార్పు నమ్మశక్యంగా ఉండదు.

తెలంగాణ చరిత్ర ఈ విషయంలో మనకు మంచి పాఠం. దొర ముందు చెప్పులు చేతబట్టుకుని నిలబడి "బాంచను" అన్న మనిషికి ఆ మాట స్వభావం నుంచి రాలేదు. భూమి దొరది, వెట్టి దొరకు, తగవు తీర్చేదీ దొరే కాబట్టి వచ్చింది. 1946 నుంచి 1951 దాకా సాగిన సాయుధ పోరాటంలో అదే మనిషి అదే గడీ ముందు నిటారుగా నిలబడ్డాడు. పాలకుర్తిలో చాకలి ఐలమ్మ కౌలు చేసుకుంటున్న భూమి మీద, పండించిన పంట మీద విసునూరు దేశ్‌ముఖ్ కన్ను వేసినప్పుడు ఆమె వదులుకోలేదు. వెనక సంఘం ఉంది, ముందు పంట ఉంది. ఐలమ్మ ధైర్యాన్ని తక్కువ చేయడానికి ఈ మాట అనడం లేదు. ధైర్యానికి కూడా నిలబడే నేల కావాలని చెప్పడానికే అంటున్నాను.

అయితే ఇదే చరిత్రకు మరో ముఖం ఉంది. స్త్రీశక్తి సంఘటన 1986లో 'మనకు తెలియని మన చరిత్ర' అనే పుస్తకం తెచ్చింది. ఆ పోరాటంలో పాల్గొన్న స్త్రీల జ్ఞాపకాలు అందులో వాళ్ళ మాటల్లోనే ఉన్నాయి. కొరియర్లుగా, దళ సభ్యులుగా, ఆశ్రయం ఇచ్చిన తల్లులుగా ప్రాణాలకు తెగించిన వాళ్ళు, పోరాట విరమణ తర్వాత మళ్ళీ ఇంటికీ పెళ్ళికీ వంటకీ మళ్ళవలసి వచ్చినప్పటి బాధ ఆ పుటల్లో వినిపిస్తుంది. దొర ముందు పోయిన లొంగుబాటు ఇంట్లో పోలేదు. దొరతో సంబంధం కేవలం భయం మీద నిలబడింది. ఇంట్లో సంబంధం భయంతోపాటు ప్రేమ మీద, పిల్లల మీద, పరువు మీద, అలవాటు మీద కూడా నిలబడుతుంది. అందుకే దాన్ని గుర్తించడం కష్టం, వదిలించుకోవడం మరీ కష్టం.

కుటుంబంలో భర్త స్థానాన్ని యజమాని స్థానంతో, భార్య స్థానాన్ని శ్రామికురాలి స్థానంతో ఎంగెల్స్ 1884లో పోల్చాడు. మన సంఘంలో ఆ పోలిక తెలియని వాళ్ళు లేరు. నా తరం వాళ్ళం ఉపన్యాసాల్లో ఎన్నోసార్లు వాడాం. ఉపన్యాసం అయ్యాక ఇంటికి వెళ్ళి, తలుపు తీయడానికి ఆలస్యమైందని భార్యను విసుక్కున్న వాళ్ళూ ఉన్నారు, ఆలస్యం చేసినందుకు నొచ్చుకున్న భార్యలూ ఉన్నారు. సిద్ధాంతం తెలియడం వేరు, అది మన వంటింటికి కూడా వర్తిస్తుందని ఒప్పుకోవడం వేరు.

మాటల్లో దాగినది

రచయితకు లొంగుబాటు మొదట దొరికే చోటు మాటే. మన భాషలో ఇది మరీ స్పష్టంగా కనిపిస్తుంది. భర్త భార్యను "నువ్వు" అంటాడు, భార్య "మీరు" అంటుంది. భర్త పేరు పెట్టి పిలుస్తాడు, భార్య "ఏమండీ" అంటుంది. వయసులో ఒక్క ఏడాదే తేడా ఉన్నా, ఇద్దరూ ఒకే కాలేజీలో చదివినా, ఇద్దరిదీ ఒకే ఉద్యోగమైనా చాలా ఇళ్ళలో పెళ్ళినాటి నుంచి ఈ పద్ధతే నడుస్తుంది. పెళ్ళికి ముందు ఒకరినొకరు "నువ్వు" అనుకున్న స్నేహితులు, పెళ్ళయ్యాక నలుగురిలో "మీరు"లోకి మారిపోవడం నేను చూశాను. మారేది ఎప్పుడూ ఆమే.

గౌరవ వాచకం ఒక్కటే కాదు. మన క్రియాపదాలు చూడండి. "మా ఆయన నన్ను సభకి పంపించారు." "ఉద్యోగం చేసుకోమన్నారు." "చదువుకోనిచ్చారు." వీటన్నిటిలోనూ పని చేసింది స్త్రీ. సభకు వెళ్ళింది ఆమె, ఉద్యోగం చేసింది ఆమె, చదివింది ఆమె. కర్త మాత్రం ఆయన. నలభై ఏళ్ళపాటు రచయిత్రుల ఇంటర్వ్యూలు చదువుతున్నాను. వాటిలో తరచుగా కనిపించే వాక్యం, "మావారు నాకు పూర్తి స్వేచ్ఛ ఇచ్చారు" అన్నది. ఆ మాట అన్న రచయిత్రి కృతజ్ఞతతోనే అంటుంది, నిజమే అంటుంది. అయితే ఇచ్చేవాడు ఒకడు ఉన్నాడంటే అది మొదట అతని దగ్గర ఉందన్నమాట. ఇచ్చినది తిరిగి తీసుకునే హక్కు కూడా అతని దగ్గరే ఉంటుంది. తీసుకోకపోవడం అతని మంచితనం. మంచితనం మీద ఆధారపడి ఉన్నంతకాలం అది స్వేచ్ఛ కాదు, దయ.

ఇక "సర్దుకుపోవడం" అనే మాట. పెద్దలు దీన్ని ఇద్దరికీ చెబుతున్నట్టే చెబుతారు. ఎవరు ఎంత సర్దుకున్నారో ఎక్కడా లెక్క ఉండదు. ఈ మాట ఏ పాత్ర నోట వచ్చినా, ఎవరు కదిలారు, ఎవరు కదలకుండా కూర్చున్నారు అన్నది రచయిత చూడాలి.

మా ఇంటి సంగతి

ఇప్పుడు నా సంగతి. నేను ఒక చిన్న పట్నంలో జూనియర్ కాలేజీలో తెలుగు చెప్పేదాన్ని. మా ఆయన కూడా ఉద్యోగి, రచయిత, మన సంఘ సభ్యుడు. మాది పెద్దలు చేసిన పెళ్ళి కాదు. ఆయన ఎప్పుడూ గొంతెత్తి మాట్లాడలేదు. నా కథ ఏ పత్రికలో వచ్చినా నాకంటే ముందు ఆయనే పదిమందికీ చూపించేవాడు. ఇంటర్వ్యూ అంటూ వస్తే నేనూ ఆ వాక్యమే చెప్పేదాన్ని.

పెళ్ళయిన పన్నెండేళ్ళపాటు ఆయనకు చూపించకుండా ఒక్క కథ కూడా పంపలేదు. రాత్రి భోజనాలయ్యాక చదివి వినిపించేదాన్ని. ఆయన పెన్సిల్ పట్టుకుని కూర్చునేవాడు. "ఇది అవసరమా?" అని అక్కడక్కడ అడిగేవాడు. అడిగిన చోటల్లా నేను కొట్టేసేదాన్ని. ఆయన కొట్టెయ్యమన్నది ఎప్పుడూ లేదు.

అలా ఒక కథ రాశాను. ఉద్యోగం చేసే ఇల్లాలు ప్రతి ఒకటో తారీఖున జీతం కవరు తెచ్చి భర్త చేతిలో పెట్టి, మర్నాడు బస్సు ఛార్జీకి అడిగి తీసుకుంటుంది. ఒక పేజీ అంతా ఆ సన్నివేశమే. మా ఆయన అక్కడ ఆగి, "ఇది చదివితే మన ఇంటి సంగతి అనుకుంటారేమో" అన్నాడు. నవ్వుతూనే అన్నాడు. నిజంగానే అది మా ఇంటి సంగతి. ఆ పేజీ తీసేశాను. కథ అచ్చయింది. కొన్నాళ్ళకు ఒక పాఠకురాలి దగ్గర్నుంచి కార్డు వచ్చింది. కథ బాగుందని రాసి, చివర ఒక్క ప్రశ్న అడిగింది. "ఆమె ఉద్యోగం చేస్తోంది కదా. ఆ జీతం ఏమవుతోందో మీరు ఎక్కడా రాయలేదేం?"

ఆ కార్డు నన్ను చాలా రోజులు నిద్రపోనివ్వలేదు. నన్ను ఎవరూ ఆపలేదు. కవరు తెచ్చి ఇమ్మని అడగలేదు, పేజీ తీసెయ్యమని చెప్పలేదు. మరి ఎవరు చేయించారు? ఆయన ముఖంలో చిన్న ముడత పడుతుందేమోనన్న ఆలోచన చేయించింది. మా అమ్మ మా నాన్న ముఖం చూసి కూరలో ఉప్పు వేసినట్టు, నేను ఆయన ముఖం చూసి వాక్యం రాస్తున్నాను. ఆజ్ఞ అక్కర్లేకుండానే విధేయత నడుస్తోంది. ఆజ్ఞ అక్కర్లేని స్థితికి వచ్చిన తర్వాతే అది పూర్తవుతుందని నాకు అప్పుడు అర్థమైంది.

తర్వాతి కథ ఆయనకు చూపించకుండా పంపాను. ఇందులో గొప్ప సాహసం ఏమీ లేదని ఇప్పుడు తెలుసు. కాని పోస్టాఫీసు నుంచి తిరిగి వస్తుంటే దొంగతనం చేసినంత గుబులు. కథ అచ్చయి ఇంటికి వచ్చింది. ఆయన చదివాడు. రెండు రోజులు మాట్లాడలేదు. మూడోనాడు, "నేను నిన్ను ఎప్పుడైనా ఆపానా?" అని అడిగాడు. "మీరు ఆపలేదు. నేనే ఆగాను. ఎందుకు ఆగానో ఇద్దరం ఆలోచించుకోవాలి" అన్నాను. అంతకంటే మంచి జవాబు నాకు ఈనాటికీ తట్టలేదు.

ఆ తర్వాత అన్నీ చక్కబడలేదు. నా పేర బ్యాంకులో ఖాతా తెరిచినప్పుడు మా అత్తగారు, "ఇంట్లో రెండు పొయ్యిలు పెట్టినట్టుంది" అన్నారు. ఆయన కొన్నాళ్ళు తన కథలు నాకు చూపించడం మానేశాడు. అది నాకు నిజంగా నష్టమే. రాత్రిపూట ఆ చదువుకోవడంలో ఆనందం కూడా ఉండేది మరి. ఏడాది దాటాక ఒక కథ రాసి నేనే ఆయనకు ఇచ్చాను. మూడు చోట్ల సూచనలు చేశాడు. ఒకటి తీసుకున్నాను, రెండు తీసుకోలేదు. ఆయనకు కోపం రాలేదు. కొంచెం ఆశ్చర్యపడ్డాడు, అంతే. చూపించకపోవడం కాదు స్వాతంత్ర్యమంటే. చూపించిన తర్వాత "వద్దు" అని చెప్పగలగడం, చెప్పినా సంబంధం నిలబడటం. ఇది నేర్చుకోవడానికి నాకు పన్నెండేళ్ళు, ఆ పైన ఇంకో ఏడాది పట్టింది.

మన కథలు నడిచిన దారి

ఈ అనుభవం తర్వాత మన సాహిత్యాన్ని మళ్ళీ చదువుకున్నాను. అంతకు ముందు గమనించని విషయాలు కనిపించాయి.

గురజాడ 'దిద్దుబాటు' 1910లో వచ్చింది. సానిపాటల సరదా పట్టిన భర్తకు భార్య కమలిని ఉత్తరం రాసి పెట్టి, పుట్టింటికి వెళ్ళినట్టు నమ్మించి బుద్ధి చెబుతుంది. చదువుకున్న స్త్రీ కలం పట్టి భర్తను ప్రశ్నించడం ఆనాటికి పెద్ద అడుగు. అయితే ఆమె నిజంగా వెళ్ళలేదు, మంచం కిందే ఉంది. కథలో మారవలసింది భర్త అలవాటు మాత్రమే, సంబంధం కాదు. దీన్ని లోపమని నేను అనను. 1910లో సాధ్యమైన సంస్కరణకు అది నిజమైన కొలత.

చలం 'మైదానం'లో రాజేశ్వరి నిజంగానే వెళ్ళిపోయింది. లాయరు భార్య హోదా వదిలి అమీర్‌తో మైదానానికి చేరింది. తెలుగు మధ్యతరగతి ఇల్లు ఆ దెబ్బకు అదిరిపోయింది. మళ్ళీ చదివినప్పుడు నాకు తోచింది వేరు. రాజేశ్వరి భర్తకు లొంగడం మానింది కాని, లొంగడమే మానలేదు. అమీర్ మరో అమ్మాయిని కోరుకుంటే ఆ కోరిక తీర్చడానికి కూడా తానే పూనుకుంటుంది. చలం ఇల్లును ప్రశ్నించినంత తీవ్రంగా ఆరాధనను ప్రశ్నించలేదు. గడప దాటడమూ లొంగుబాటు దాటడమూ ఒకటి కాదన్నది ఈ నవల నుంచి మనం నేర్చుకోవలసిన పాఠం.

1974లో వచ్చిన అబ్బూరి ఛాయాదేవి 'బోన్‌సాయ్ బ్రతుకు'లో ఎవరూ ఎవరినీ కొట్టరు, ఎవరూ ఎక్కడికీ వెళ్ళరు. చదువుకోని అక్క, కుండీలో ముచ్చటగా పెంచిన మొక్కను చూసి ఆడదాని బతుకును పోల్చుకుంటుంది. కత్తిరించిన చేతులు ప్రేమగా నీళ్ళు పోసిన చేతులే. విధేయతకు తయారీ ఉందనీ, అది చిన్ననాటి నుంచి ముద్దుగానే జరుగుతుందనీ ఇంత తక్కువ మాటల్లో చెప్పిన కథ అరుదు.

రంగనాయకమ్మ 'జానకి విముక్తి' 1977లో వారపత్రికలో మొదలై మధ్యలో ఆగిపోయి, తర్వాత పుస్తకరూపంలో పూర్తయింది. నవలలో వాదం ఎక్కువైందని విమర్శించేవాళ్ళున్నారు. ఆ విమర్శ ఎలా ఉన్నా ఒక విషయం గుర్తించాలి. జానకి ఒంటరిగా విముక్తి పొందదు. అన్న సత్యం ఉన్నాడు, స్నేహితులున్నారు, చదివిన పుస్తకాలున్నాయి. హఠాత్తుగా కలిగే మేలుకొలుపు కాదు అది. మెల్లగా, తడబడుతూ, వెనక్కి పోతూ ముందుకు వచ్చే క్రమం.

ఓల్గా 'స్వేచ్ఛ' 1987లో వచ్చింది. ఇందులో అరుణ ప్రేమించిన ప్రకాశ్‌నే పెళ్ళి చేసుకుంటుంది. పుట్టింట్లో లేని స్వేచ్ఛ ఈ ఇంట్లో దొరుకుతుందనుకుంటుంది. ప్రకాశ్ దుర్మార్గుడు కాదు. అదే ఆ నవల బలం. దుర్మార్గుడైన భర్తను వదిలితే సమాజం కొంత క్షమిస్తుంది. మామూలు భర్త దగ్గర ఊపిరాడలేదంటే "ఏం తక్కువైంది?" అని అడుగుతుంది. ఆ ప్రశ్నకు జవాబు చెప్పడానికే ఆ నవల రాసినట్టు ఉంటుంది.

పి. సత్యవతి 'ఇల్లలకగానే' కథలో ఇల్లాలు ఇల్లు అలుకుతూ అలుకుతూ తన పేరు మరిచిపోతుంది. మొగుడికీ పిల్లలకూ పనిమనిషికీ ఆమె పేరుతో అవసరం లేదు. పేరు చెప్పింది పాత స్నేహితురాలు. ఇంటికి తిరిగి వచ్చి, తనను శారద అని పిలవమంటుంది. గమనించండి, ఆమె ఇంటికే తిరిగి వస్తుంది. వెళ్ళని వాళ్ళకు కథ లేదా అని అడిగిన అమ్మాయికి నేను ఆ రోజే చెప్పవలసిన పేరు ఈ కథది.

గడప దాటిన తర్వాత

అంటే వెళ్ళిపోవడం తప్పని కాదు. కొన్ని ఇళ్ళ నుంచి వెళ్ళిపోవడం తప్ప ప్రాణం దక్కే దారి లేదు. నేను అడిగేది, వెళ్ళడాన్ని రచయిత ఎలా అర్థం చేసుకున్నాడని.

ఇబ్సెన్ 'బొమ్మరిల్లు' నాటకం 1879లో వచ్చింది. నోరా తలుపు వేసి వెళ్ళిపోయిన చప్పుడు యూరప్ అంతా వినబడింది. జర్మనీలో ఆ ముగింపును మార్చాలని ఒత్తిడి వస్తే, వేరెవరో మార్చకుండా ఇబ్సెనే 1880లో ఇష్టం లేకుండా మరో ముగింపు రాసి ఇచ్చాడు. అందులో నోరా పిల్లల్ని చూసి కుప్పకూలి ఆగిపోతుంది. 1923 డిసెంబరులో లూ షున్ బీజింగ్‌లో ఒక మహిళా విద్యాలయంలో మాట్లాడుతూ, నోరా వెళ్ళిపోయిన తర్వాత ఏమవుతుందని ప్రశ్నించాడు. మేలుకున్న మనసు తప్ప చేతిలో ఏమీ లేకపోతే ఆమెకు మిగిలేది పతనమో, తిరిగి రావడమో అన్నాడు. ఆమె సంచిలో డబ్బుండాలన్నాడు. మాట మొరటుగా ఉంది కాని, నాకు కార్డు రాసిన పాఠకురాలు అడిగింది కూడా అదే.

ఆర్థిక హక్కు మాట వచ్చింది కనుక చట్టం సంగతి కొంత చూడాలి. ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం 1986లో హిందూ వారసత్వ చట్టాన్ని సవరించి, ఉమ్మడి కుటుంబ ఆస్తిలో కూతురికి కొడుకుతో సమానంగా పుట్టుకతోనే హక్కు ఇచ్చింది. ఆ సవరణ 1985 సెప్టెంబరు 5 నుంచి వర్తించింది. అప్పటికే పెళ్ళయిన కూతుళ్ళకు మాత్రం వర్తించలేదు. దేశమంతటికీ ఇలాంటి హక్కు రావడానికి 2005 దాకా ఆగవలసి వచ్చింది. హక్కు వచ్చినా, పుట్టింటి బంధం తెగిపోతుందన్న భయంతో అన్నదమ్ములకు సంతకం పెట్టి ఇచ్చేసిన అక్కచెల్లెళ్ళు మన చుట్టూ ఎంతమంది లేరు? చట్టం ఇచ్చినది చేత్తో అందుకోవడానికి మరో రకం బలం కావాలి. ఆ సంతకం పెట్టే క్షణం మీద మన భాషలో ఇంకా ఎన్నో కథలు రావాలి.

శరీరం సంగతి కూడా అంతే. బొంబాయిలో రఖ్మాబాయి, బాల్యంలో జరిగిన పెళ్ళిని ఒప్పుకోనని, భర్తతో కాపురానికి వెళ్ళనని కోర్టులో నిలబడింది. 1887లో కోర్టు, కాపురానికి వెళ్ళు లేదా ఆరు నెలలు జైలుకు వెళ్ళు అంటే, జైలుకే వెళ్తానన్నది. చివరకు 1888లో రాజీ కుదిరింది. తర్వాత ఆమె డాక్టరైంది. దాదాపు వందేళ్ళ తర్వాత, 1983లో, సరిత – వెంకటసుబ్బయ్య కేసులో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు న్యాయమూర్తి పి.ఎ. చౌదరి, హిందూ వివాహ చట్టంలోని 9వ సెక్షన్‌ను కొట్టివేశారు. విడిగా ఉంటున్న భార్యనో భర్తనో కాపురానికి రమ్మని కోర్టు ఆదేశించడానికి వీలిచ్చే సెక్షన్ అది. ఇష్టం లేని మనిషిని కాపురానికి రమ్మనడం ఆ మనిషి గౌరవానికీ ఏకాంతానికీ భంగమని ఆయన తీర్పు సారాంశం. మరుసటి ఏడాది, 1984లో, సుప్రీంకోర్టు మరో కేసులో ఆ సెక్షన్ చెల్లుతుందని చెప్పింది. తన శరీరం, తన బతుకు తనవేనని చెప్పుకోవడం ఎంత కష్టమో ఈ రెండు తీర్పుల మధ్య దూరం చెబుతుంది.

డబ్బు సంపాదిస్తే చాలునా అంటే చాలదు. నా జీతం కవరు అందుకు సాక్ష్యం. పొలం పనికి పోయే స్త్రీ నా కంటే ఎక్కువ కష్టపడి సంపాదించింది. ఆ కూలి సారా దుకాణానికి పోయింది. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంటలో రోసమ్మ, మిగిలిన స్త్రీలు సారాకు ఎదురు తిరిగారు. వాళ్ళు కలుసుకున్న చోటు రాత్రిపూట అక్షరాస్యతా తరగతి. ఏ ఇంటి స్త్రీ ఆ ఇంట్లో భర్తను ఒంటరిగా అడిగినా దెబ్బలు తినేది. అందరూ కలిసి దుకాణం ముందు నిలబడేసరికి ఉద్యమమైంది. 1993 అక్టోబరు నుంచి ప్రభుత్వం సారా నిషేధించక తప్పలేదు. చదువుకున్న మధ్యతరగతి రచయితలం స్వాతంత్ర్యాన్ని ఒంటరి మనిషి గుండెలో జరిగే వ్యవహారంగా రాస్తాం. ఆ తరగతిలో కూర్చున్న స్త్రీలకు అది పక్కన కూర్చున్న మనిషితో మొదలైంది.

రచయిత చూడవలసినవి

కార్యశాలకు వచ్చిన యువ మిత్రులకు ఇవి సూత్రాలుగా కాక, నేను తప్పులు చేసి తెలుసుకున్నవిగా చెబుతున్నాను.

మొదటిది, భర్తను రాక్షసుణ్ణి చేయకండి. రాక్షసుడైతే సమస్య అతనితోనే పోతుంది. అతను మామూలు మనిషైనప్పుడే సంబంధంలోని అసమానత పాఠకుడికి కనిపిస్తుంది. పాఠకుడు కూడా అప్పుడే తన ఇంటివైపు చూసుకుంటాడు.

రెండవది, పాత్ర చేతిలో ఏముందో చూడండి. డబ్బు ఎవరి దగ్గరుంది? రోజులో ఆమెకు తనదంటూ గంట ఉందా? ఇంట్లో తనదంటూ ఒక అల్మరా అర ఉందా? మనసు విప్పి మాట్లాడే స్నేహితురాలు పెళ్ళి తర్వాత మిగిలిందా? ఇవి వర్ణనలో అలంకారాలు కావు. లొంగుబాటు వీటి లేమి మీదే నిలబడుతుంది, వీటితోనే సడలుతుంది.

మూడవది, మొదటి "వద్దు" ఎక్కడ వచ్చిందో పట్టుకోండి. అది సాధారణంగా పెద్ద విషయంలో రాదు. అడగకుండా కొనుక్కున్న పుస్తకం దగ్గరో, కొట్టెయ్యని వాక్యం దగ్గరో వస్తుంది. ఆ తర్వాత వచ్చే గుబులు, తప్పు చేశానేమోనన్న బాధ కూడా రాయండి. అది రాయకపోతే తిరుగుబాటు నినాదమవుతుంది. రాస్తే అనుభవమవుతుంది.

నాలుగవది, మూల్యం రాయండి. లొంగి ఉన్న మనిషికి దొరికే రక్షణ, మెప్పు, ప్రశాంతత నిజమైనవే. అవి పోతాయి. పోయినా ఆమె ఎందుకు వెనక్కి వెళ్ళలేదో చెప్పగలిగితేనే ఆమె ఎన్నుకున్నదానికి విలువ.

అయిదవది, స్వాతంత్ర్యాన్ని పెత్తనంతో పొరబడకండి. నిన్నటిదాకా అణిగి ఉన్న మనిషి కోడలి మీదో, పనిమనిషి మీదో, తన కింద ఉన్న కులం మీదో పెత్తనం చేస్తే లొంగుబాటు పోలేదు, చేయి మారింది. మంచి కథకుడు ఆ చోట తన పాత్రను కూడా వదలకూడదు.

ఇవన్నీ రాశాక మళ్ళీ ఆ అమ్మాయి ప్రశ్న దగ్గరికే వస్తాను. వెళ్ళని వాళ్ళకు కథ ఉంది. వెళ్ళిన వాళ్ళ కథ కంటే అది రాయడం కష్టం, ఎందుకంటే అందులో తలుపు చప్పుడు ఉండదు. ఒకే కప్పు కింద, ఒకే మనిషితో, ఉన్న సంబంధాన్నే మరో రకంగా కట్టుకోవాలి. అవతలి మనిషి కూడా మారాలి. మారడానికి అతనికీ కష్టం ఉంటుంది. ఆ కష్టాన్ని జాలి లేకుండానూ, ద్వేషం లేకుండానూ చూడగల రచయిత కావాలి.

ఈ వ్యాసం మా ఆయనకు చూపించాను. మా ఇంటి సంగతి ఉంది కనుక చూపించడం న్యాయమనిపించింది. ఒకచోట పెన్సిల్‌తో గీత గీసి, "పన్నెండేళ్ళు కాదు, పదమూడు" అన్నాడు. లెక్క చూశాను. నాదే సరైనది. అలాగే ఉంచాను.